జెమినీలో లడ్డా గుర్తున్నాడా? కళాభవన్ మణి పాట, సినిమా, చాలకుడి

ఈ ఎపిసోడ్ కొంచెం పక్క రాష్ట్రానికి వెళ్తుంది. కానీ మొదలుపెట్టేది మాత్రం మన వెంకటేష్ సినిమాతోనే.

2002లో 'జెమినీ' అని ఒక సినిమా వచ్చింది. థియేటర్లో చూడకపోయినా టీవీలో ఎప్పుడో ఒక ముక్క చూసే ఉంటారు. అందులో విలన్ పేరు లడ్డా. నల్లటి మనిషి, గట్టి ఒళ్ళు. మనిషిలా నిలబడి మాట్లాడుతూనే ఉన్నట్టుండి జంతువైపోతాడు. గొంతు మారిపోతుంది, నడక మారిపోతుంది, కళ్ళు కూడా మారిపోతాయి. నవ్వాలో భయపడాలో అర్థం కాదు. నేను చిన్నప్పుడు టీవీలో చూసి "వీడెవడ్రా బాబూ, ఎక్కడ్నుంచి పట్టుకొచ్చారు?" అనుకున్నాను. అంతే, మర్చిపోయాను.

చాలా ఏళ్ళ తర్వాత ఉద్యోగానికని బెంగళూరు వెళ్తే, రూమ్‌లో ఒక మలయాళీ కుర్రాడు. ఒక రాత్రి ఫోన్‌లో పాట పెట్టుకుని తనలో తనే పాడుకుంటున్నాడు. డప్పు దరువులాంటి మోత, దాని మీద ఒక మగ గొంతు. పాలిష్ లేదు, పక్కింటి అరుగు మీద కూర్చుని పాడినట్టుంది. ఎవరిదిరా ఈ పాట అంటే "మా మణిచేట్టన్" అన్నాడు. చేట్టన్ అంటే మన భాషలో అన్న. ఫొటో చూపించాడు. చూస్తే లడ్డా! "అరే, వీడు విలన్ కదరా" అన్నాను. ఆ కుర్రాడు నా వైపు ఎలా చూశాడంటే, నేను వాళ్ళింట్లో మనిషిని తిట్టినట్టు చూశాడు.

ఆ చూపు వల్లే ఈ ఎపిసోడ్.

కళాభవన్ మణి. పుట్టింది 1971 జనవరి 1న. ఊరు కేరళలో త్రిశూర్ జిల్లా చాలకుడి దగ్గర చేనత్తునాడు. చాలకుడి ఎక్కడో మీకు తెలియకపోవచ్చు, కానీ ఆ నది మాత్రం మీరు చూశారు. 'బాహుబలి'లో జలపాతం ఉంది కదా, అందులో కొంత భాగం తీసింది అతిరప్పిళ్ళి దగ్గర. అక్కడ దూకే నీళ్ళే చాలకుడి పుళ. పుళ అంటే నది. ఆ నీళ్ళు కిందకొచ్చి పారే ఊరే చాలకుడి.

నాన్న రామన్ కూలిమనిషి, అమ్మ అమ్మిణి. పులయ కులం. పులయులంటే కేరళలో తరాల తరబడి వరి పొలాల్లో బురదలో పనిచేసిన దళితులు. ఒకప్పుడు వాళ్ళకి రోడ్డు మీద నడిచే హక్కు కూడా లేదు. 1893లో అయ్యంకాళి అనే ఆయన, ఆయనా పులయ కులస్థుడే, ఎడ్లబండి కట్టుకుని, తలపాగా చుట్టుకుని, నిషేధం ఉన్న రోడ్డు మీదికి తోలుకెళ్ళాడు. కేరళలో ఆ బండి ప్రయాణాన్ని ఇప్పటికీ చెప్పుకుంటారు. దానికి సరిగ్గా నూరేళ్ళు గడిచేనాటికి, అదే కులంలో పుట్టిన ఒక కుర్రాడు చాలకుడి రోడ్ల మీద ఆటో నడుపుతున్నాడు. అతనే మన మణి.

ఆటో ఒక్కటే కాదులెండి. కొబ్బరిచెట్లెక్కాడు. నదిలో మునిగి ఇసుక తీశాడు. ఇసుక తీయడమంటే ఒడ్డున నిలబడి పార పట్టడం కాదు, ఊపిరి బిగబట్టి అడుగుకి వెళ్ళి బుట్ట నింపుకుని పైకి రావాలి. చదువు అంతగా అబ్బలేదు. స్కూల్లో రెండే వచ్చేవి, ఒకటి ఆటలు, రెండోది మిమిక్రీ.

ఈ మిమిక్రీ గురించి ఒక్క మాట చెప్పాలి, ఎందుకంటే అతని పేరులోనే ఉంది. కొచ్చిలో 'కళాభవన్' అనే సంస్థ ఉంది. ఫాదర్ ఏబెల్ అనే క్రైస్తవ మతగురువు 1969లో మొదలుపెట్టారు. పాటలూ సంగీతంతో మొదలై, ఎనభైల్లో మిమిక్రీ ట్రూపుతో కేరళంతా మోగిపోయింది. మలయాళ సినిమాకి అదొక నర్సరీ అనుకోండి. 'అల వైకుంఠపురములో' సినిమాలో జయరామ్ ఉన్నారే, ఆయన అక్కడివాడే. దిలీప్ అక్కడివాడే. డైరెక్టర్లు సిద్ధిక్, లాల్ ఇద్దరూ అక్కడివాళ్ళే. మనకి షావుకారు జానకి, సాక్షి రంగారావు, వెన్నెల కిషోర్ అని సినిమా పేర్లు ఇంటిపేర్లయిపోయినట్టు, వాళ్ళలో చాలామందికి 'కళాభవన్' ఇంటిపేరయిపోయింది. 'దృశ్యం' మలయాళంలో చూశారా? ఆ దుర్మార్గపు కానిస్టేబుల్ కళాభవన్ షాజోన్. తమిళంలో కమల్ హాసన్ చేసిన 'పాపనాశం'లో అదే వేషం కళాభవన్ మణి. రెండు భాషల్లోనూ ఆ పాత్ర ఒకే ఇంటిపేరువాళ్ళకి వెళ్ళింది.

సరే, మణి దగ్గరికొద్దాం. పగలు ఆటో, రాత్రి స్టేజి. 1995లో సిబి మలయిల్ 'అక్షరం' సినిమాలో మొదటి వేషం ఇచ్చారు. ఏం వేషమో ఊహించండి. ఆటోడ్రైవర్! మరుసటి ఏడాది 'సల్లాపం'. దిలీప్ హీరో, మంజు వారియర్ హీరోయిన్. మణి కల్లుగీసేవాడు. చిన్న వేషమే, కానీ చెట్టు మీద నుంచి అతను నవ్వే నవ్వు కేరళకి పట్టేసింది. ఇప్పటికీ ఏ మిమిక్రీ ఆర్టిస్టైనా మణిని చేయాలంటే మాట కంటే ముందు ఆ నవ్వే నవ్వుతాడు.

ఇక్కడ కాసేపు ఆగుదాం. ఆటోడ్రైవర్, కల్లుగీసేవాడు. తర్వాత పనివాడు, తాగుబోతు, అమాయకుడు, రౌడీ. చూస్తుంటే ఒక వరస కనిపిస్తోందా? సినిమా అతన్ని పిలిచింది నిజమే, కానీ ఇంటి వెనక గుమ్మంలోంచి పిలిచింది. మలయాళ సినిమా మొట్టమొదటి హీరోయిన్ ఎవరో తెలుసా? పి.కె. రోసీ. ఆవిడ దళిత స్త్రీ. 'విగతకుమారన్' అనే మొదటి మూకీలో నాయర్ స్త్రీ వేషం కట్టింది. దళిత పిల్ల నాయర్ వేషం కడుతుందా అని జనం తెర మీదకి రాళ్ళు విసిరారు, ఆవిడ ఊరొదిలి పారిపోవాల్సి వచ్చింది. ఆ తర్వాత దశాబ్దాలపాటు అక్కడి తెర మీద హీరో అంటే ఒక రంగు, ఒక ఇంటిపేరు. మన దగ్గర వేరేలా ఉందని నేననడం లేదు, మీకే తెలుసు.

ఆ లెక్కలో 1999 చాలా పెద్ద సంవత్సరం. డైరెక్టర్ వినయన్ ఒక సినిమా తీశారు. పేరు కొంచెం పొడుగు, 'వాసంతియుం లక్ష్మియుం పిన్నె ఞానుం', అంటే వాసంతి, లక్ష్మి, ఇంకా నేను. హీరో రాము పుట్టుగుడ్డివాడు, పాటలు పాడి బతుకుతాడు. ఆ రాము మణి. సినిమా పెద్ద హిట్. నవ్విస్తాడనుకున్నవాడు ఏడిపించాడు.

అవార్డుల టైమొచ్చింది. కేరళ ప్రభుత్వ ఉత్తమ నటుడు మోహన్‌లాల్, 'వానప్రస్థం'కి. జాతీయ ఉత్తమ నటుడు కూడా మోహన్‌లాలే, అదే సినిమాకి. మణికి రాష్ట్రంలో స్పెషల్ జ్యూరీ అవార్డు, ఢిల్లీలో ప్రత్యేక ప్రస్తావన. వార్త విని మణి స్పృహ తప్పి పడిపోయాడని అప్పట్లో పేపర్లు రాశాయి, దాని మీద చాలాకాలం జోకులు నడిచాయి. 'వానప్రస్థం' నేను చూశాను. మోహన్‌లాల్ అద్భుతంగా చేశారు, అందులో రెండో మాటే లేదు. అయితే ఆ పాత్ర ఏమిటో తెలుసా? తక్కువ కులంలో పుట్టి, గుర్తింపు కోసం తపించే కథకళి కళాకారుడు. ఆ ఏడాది పోటీలో ఆ తపన ఒకరికి పాత్ర, ఇంకొకరికి బతుకు. పడిపోవడం మీద జోకులేసినవాళ్ళకి ఇది తట్టిందో లేదో మరి.

ఆ సినిమా తర్వాత భాషలు దాటింది. తమిళంలో 'కాశి', హీరో విక్రమ్. తెలుగులో 'శీను వాసంతి లక్ష్మి', 2004లో వచ్చింది. గుర్తుందా? మ్యూజిక్ డైరెక్టర్ ఆర్.పి. పట్నాయక్ హీరోగా చేశారు. గుడ్డి గాయకుడి వేషం. ఆ వేషానికి మూలం మన లడ్డా అని మనలో ఎంతమందికి తెలుసు?

ఇంకో తమాషా. 'జెమినీ' ముందు తమిళంలో వచ్చింది, 2002లోనే. అక్కడ హీరో విక్రమ్, విలన్ మణి. అంటే అంతకు ముందు ఏడాదే మణి పాత్రని రీమేక్ చేసి శెభాష్ అనిపించుకున్న హీరో ఎదుటే మణి విలన్‌గా నిలబడ్డాడు. నిలబడి, స్టేజి మీద నేర్చుకున్న ఆ జంతువుల మిమిక్రీ అంతా అక్కడ కుమ్మరించాడు. తమిళంలో ఉత్తమ విలన్‌గా ఫిలింఫేర్ అవార్డొచ్చింది. అదే వేషం తెలుగులోనూ చేశాడు. ఆ దెబ్బతో తమిళ, తెలుగు సినిమాలకి అతను విలన్‌గా ఫిక్సయిపోయాడు. 'రోబో'లో కూడా చిన్న వేషం ఉంటుంది, ఈసారి చూసినప్పుడు గమనించండి. మొత్తం మీద 200కి పైగా సినిమాలు. అన్నీ గొప్పవి కావు, కొన్ని అస్సలు బాగోవు. అవన్నీ ఇక్కడ లెక్కపెట్టను.

ఎందుకంటే కేరళలో ఆటోవాడినీ, బస్సు కండక్టర్నీ, ఆసుపత్రి నర్సునీ అడిగితే మణి సినిమాల గురించి ముందు మాట్లాడరు. పాటల గురించి మాట్లాడతారు.

మలయాళంలో వాటిని నాడన్ పాట్టు అంటారు. నాటు పాట అనుకోండి, మన జానపదం. పులయ, పరయ కులాల వాళ్ళు నాట్లేస్తూ, కోతలు కోస్తూ, దేవుడికి ఆడుతూ పాడుకున్నవి. మణి పుట్టింది ఆ పాటల మధ్యే. కానీ పొలంలో పాట పొలంలోనే ఉండిపోయేది. రేడియోలో శాస్త్రీయం, సినిమాలో జేసుదాస్. గొంతంటే జేసుదాస్‌లా ఉండాలి, అది కేరళలో ఒక కొలబద్ద. ఆ కొలబద్ద ముందు మణి గొంతు బండగొంతు. తొంభైల్లో, రెండువేల మొదట్లో క్యాసెట్ల కాలం. మణి ఈ పాటల్ని క్యాసెట్లెక్కించాడు. ఓణం వస్తే ఒక క్యాసెట్, అయ్యప్ప సీజన్ వస్తే ఇంకో క్యాసెట్. గుడి మైకుల్లో, చర్చి తిరునాళ్ళలో, ఆటోల్లో, కల్లు దుకాణాల్లో, గల్ఫ్‌లో మలయాళీ కూలీల క్యాంపుల్లో మోగిపోయాయి.

ఆ పాటల్లో ఏముంటుంది? చాలకుడి సంతలో చేపలమ్మే అమ్మాయి కనబడి మతిపోయినవాడి పాట ఒకటి. మిణుగురు పురుగుని పలకరించే పాట ఇంకోటి, అది వింటే భాష రాకపోయినా గొంతులో ఏదో అడ్డం పడుతుంది. తాగినవాడి గోల, ఖాళీ కుండ, పెళ్ళాంతో తగువు, అమ్మ మీద బెంగ. కొన్ని బూతుకి అంచులో నడుస్తాయి. ఆకలి గురించి పాడతాడు, కానీ జాలిపడమని అడగడు. వింటున్నవాడి కాలు కదులుతుంది, తర్వాత ఎప్పుడో అర్ధరాత్రి ఆ మాటల అర్థం తగులుతుంది.

ఇక్కడ మనవాళ్ళందరికీ తెలియాల్సిన విషయం ఒకటుంది. ఆ పాటలన్నీ తాతలనాటివని చాలామంది అనుకుంటారు. కాదు. వాటిలో చాలా పాటలు అరుముఖన్ వెంకిటంగ్ అనే కవి రాసినవి. ఆయనదీ త్రిశూర్ జిల్లానే. పొలం పాట బాణీలోనే రాస్తాడు కాబట్టి రాసినట్టే అనిపించదు. పాట ఊరిదైపోతుంది, రాసినవాడి పేరు ఎగిరిపోతుంది. 2022లో ఆయన చనిపోయినప్పుడు, "అయ్యో, ఆ పాట ఈయనదా!" అని ఆశ్చర్యపోయినవాళ్ళు చాలామంది. మన దగ్గర 'సారంగ దరియా' వచ్చినప్పుడు పాట ఎవరిది, సేకరించింది ఎవరు, రాసింది ఎవరు అని ఎంత రచ్చయిందో గుర్తుందిగా. జానపదం అనగానే ఓనర్ లేని ఇల్లు అనుకుంటాం. చాలాసార్లు ఓనరు పక్క ఊళ్ళోనే ఉంటాడు, మనం అడగం అంతే.

మణి గొప్పేమిటంటే, నా ఉద్దేశంలో, స్టారయ్యాక కూడా ఆ పాటల్ని వదిలిపెట్టలేదు. మామూలుగా ఏం జరుగుతుంది? స్టేజి మీద పాడినవాడికి సినిమా ఛాన్సొస్తే పాట పాత చొక్కా అయిపోతుంది. మణి ప్రతి స్టేజి మీదా అదే పాడాడు. "నేను ఆటో నడిపాను, ఆకలితో పడుకున్నాను" అని మైకులో చెప్పి మరీ పాడేవాడు. కొచ్చిలోనో చెన్నైలోనో స్థిరపడలేదు, చాలకుడిలోనే ఉన్నాడు. నది ఒడ్డున 'పాడి' అని ఒక విడిది కట్టుకున్నాడు. ఊళ్ళోవాళ్ళు ఎప్పుడైనా వచ్చి కూర్చోవచ్చు. ఎవరికైనా కష్టమొస్తే చెయ్యి చాచేవాడని ఆ ఊళ్ళో ఎవర్నడిగినా చెప్తారు.

అలాగని దేవుణ్ణి చేయను. తాగేవాడు. కోపం కూడా ఎక్కువే. 2013లో అతిరప్పిళ్ళి దగ్గర అటవీ సిబ్బంది కారు ఆపి తనిఖీ చేయబోతే గొడవ పెట్టుకున్నాడు, చెయ్యి చేసుకున్నాడని కేసు పెట్టారు. అది తప్పే. కానీ అప్పుడు ఒక సీనియర్ పోలీసు అధికారి బహిరంగంగానే ఒక ప్రశ్న వేశారు, అక్కడ మణి కాకుండా మలయాళ సినిమాలోని ఇంకో పెద్ద హీరో ఉండి ఉంటే మన పోలీసులు ఇంత ఉత్సాహం చూపించేవాళ్ళా అని. ఆ మాట పోలీసు నోటి నుంచే రావడం నాకు ఆశ్చర్యం.

2016 మార్చి. 'పాడి'లో స్నేహితులతో ఉన్నాడు. ఒంట్లో బాగా లేదని కొచ్చిలోని ఆసుపత్రికి తీసుకెళ్ళారు. మార్చి 6న చనిపోయాడు. 45 ఏళ్ళు. చాలకుడికి ఆ రోజు వచ్చిన జనాన్ని వీడియోల్లో చూడండి. గోడల మీద, చెట్ల మీద, ఎక్కడ పడితే అక్కడ మనుషులు.

తర్వాత కథ మూడేళ్ళు నడిచింది. ఒంట్లో మిథైల్ ఆల్కహాల్ ఉందన్నారు, అంటే కల్తీ సారాలో ఉండే విషం. కేరళ ల్యాబ్ పురుగుమందు కూడా ఉందంది. శాంపిల్స్ మన హైదరాబాద్‌లోని కేంద్ర ఫోరెన్సిక్ ల్యాబ్‌కి వచ్చాయి. ఇక్కడ మిథైల్ ఆల్కహాల్ కనబడింది, పురుగుమందు లేదన్నారు. చంపేశారని కుటుంబం అనుమానం. స్నేహితుల్ని నెలలపాటు ప్రశ్నించారు. హైకోర్టు చెప్పాక 2017లో సీబీఐ తీసుకుంది. చివరికి 2019లో సీబీఐ తేల్చిందేమిటంటే హత్య కాదు, లివర్ పాడైపోవడం వల్ల మరణం అని. యూట్యూబ్‌లో దీని మీద వందల వీడియోలున్నాయి, ఎర్ర బాణాలూ ప్రశ్నార్థకాలూ పెట్టి. నేను ఆ దారిలో వెళ్ళను. ముప్పై ఏళ్ళ పాటని వదిలేసి మూడు రోజుల చావు చుట్టూ తిరగడం నాకు నచ్చదు. 2018లో వినయన్ అతని జీవితం ఆధారంగా 'చాలక్కుడిక్కారన్ చంగాతి' అని సినిమా తీశారు. చంగాతి అంటే దోస్తు.

ఇక్కడితో అయిపోయిందనుకున్నాను నేను. కానీ 2024లో ఆ ఇంటి పేరు మళ్ళీ వార్తల్లోకొచ్చింది. మణి తమ్ముడు ఆర్.ఎల్.వి. రామకృష్ణన్. మోహినియాట్టం నాట్యకారుడు, అందులో డాక్టరేట్ కూడా ఉంది. మోహినియాట్టం సంప్రదాయంగా ఆడవాళ్ళ నాట్యం. 2024 మార్చిలో ఒక సీనియర్ నాట్యకారిణి ఒక ఇంటర్వ్యూలో, పేరు చెప్పకుండా, కాకిలా నల్లగా ఉన్నవాళ్ళు మోహినియాట్టం ఆడితే చూడలేమన్నారు. ఎవర్ని అన్నారో కేరళంతటికీ అర్థమైంది. అన్నని నల్లగా ఉన్నావని విలన్ని చేశారు, తమ్ముణ్ణి నల్లగా ఉన్నావని స్టేజే దిగమన్నారు. మధ్యలో పాతికేళ్ళు గడిచాయి. కానీ ఈసారి జనం ఊరుకోలేదు. మంత్రుల దగ్గర్నుంచి కాలేజీ పిల్లల దాకా ఆయన వైపు నిలబడ్డారు. కేరళ కళామండలం, అంటే కేరళలో నాట్యానికి అంతకంటే పెద్ద చోటు లేదు, పిలిచి ఆయన చేత మోహినియాట్టం ప్రదర్శన చేయించింది. 2025లో ఆయన అక్కడే డ్యాన్స్ అసిస్టెంట్ ప్రొఫెసర్‌గా చేరారు.

ఈ వార్త వచ్చిన రోజు నా పాత రూమ్మేట్‌కి మెసేజ్ పెట్టాను. వాడు జవాబు రాయలేదు, ఒక లింక్ పంపాడు. ఆ మిణుగురు పాటే. కళాభవన్ మణి నాడన్ పాట్టు అని కొట్టండి, వచ్చేస్తుంది. సినిమా క్లిప్ కాదు, స్టేజి మీద పాడిన వీడియో చూడండి. సౌండ్ బాగోదు, మైకు కీచుమంటుంది, జనం గోల. ఆ గోల కూడా వినండి. వాళ్ళకి ప్రతి మాటా నోటికొచ్చు.

సరే, వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం. ఉంటాను.